కిటికీకి వీపు పెట్టి కూర్చున్నావిడ

మా చెల్లెలు సినిమాలు తీస్తుందని చెప్పగానే ముందు అందరి కళ్ళూ విచ్చుకుంటాయి. హీరో ఎవరని అడుగుతారు. హీరో లేడు, పాటల్లేవు, టిక్కెట్టు లేదు, చూసినవాళ్ళకి ఆ పూట ముద్ద దిగదు అని నేను విడమరిచి చెప్పేసరికి ఆ కళ్ళు మళ్ళీ మామూలైపోతాయి. "ఓహో, అలాంటివా" అని మాట మార్చేస్తారు. తనకి యాభై దాటాయి. ఇన్నేళ్ళుగా ఆ "ఓహో"లు వినడం నా వంతు. తను వినదు. ఎవరి మాటైనా వినే అలవాటుంటే నాన్న చిన్నప్పుడే తనకి మొండిఘటం అని పేరు పెట్టేవాడు కాదు.

మాది ఫొటో స్టూడియో. నాన్న పెట్టింది. కింద కొట్టు, పైన ఇల్లు. గోడకి నీలం తెర, రెండు గొడుగు లైట్లు, గిర్రున తిరిగే స్టూలు, అద్దం, ఆ అద్దానికి దారం కట్టి వేలాడదీసిన దువ్వెన. దారం ఎందుకంటే, తల దువ్వుకున్నవాళ్ళు దువ్వెన జేబులో పెట్టుకుని పోకుండా. ఒకప్పుడు కుటుంబాలకి కుటుంబాలే వచ్చి తెర ముందు నిలబడేవి. ఇప్పుడు అందరి చేతుల్లోనూ ఫోనుంది. దరఖాస్తుకి అంటించే చిన్న ఫొటోల కోసం తప్ప మా గుమ్మం ఎవరూ తొక్కరు. నేను ఆ చిన్న ఫొటోలనే కాస్త సింగారించి ఇస్తాను. మచ్చలు తుడుస్తాను, కళ్ళ కింద నలుపు తీస్తాను, అడిగితే బుగ్గలు కూడా నింపుతాను. జనం సంతోషంగా వెళతారు. మా చెల్లెలు మాత్రం నా కొట్టుని అబద్ధాల అంగడి అంటుంది.

"ఈ అంగడి తిండే కదే తిని పెరిగావు?" అంటాను నేను.

"అందుకే తిడుతున్నా. పక్కవాళ్ళ కొట్టయితే నాకెందుకు?" అంటుంది.

తను మొదలుపెట్టింది కూడా ఇక్కడే. పెళ్ళి వీడియోలు తీసేది. ఒక పెళ్ళిలో అందరూ వేదిక దగ్గర ఉంటే తను వెనక గదిలో దూరి, పెళ్ళికూతురు వాళ్ళమ్మని పట్టుకుని నాకొద్దు నాకొద్దని ఏడుస్తున్నది తీసింది. తీసి ఊరుకోలేదు, క్యాసెట్టు మొదట్లో అదే పెట్టింది. రెండువైపుల వాళ్ళూ మా మీద ఒంటికాలి మీద లేచారు. నేను బతిమాలి, బామాలి, ఆ ఏడుపు తీసేసి ఇంకో క్యాసెట్టు చేసిచ్చాను. ఆ తరవాత మమ్మల్ని పెళ్ళిళ్ళకి పిలవడం మానేశారు. తనకి కావలసిందీ అదే.

అప్పటినుంచి తన దారి తనది. ఆసుపత్రిలో నెత్తుటి దుప్పట్లు ఉతికే ఆడవాళ్ళ మీద ఒకటి తీసింది. కోర్టు వసారాలో ముసలివాళ్ళైపోయిన మనుషుల మీద ఒకటి. పిచ్చాసుపత్రిలో నయమైనా ఇంటివాళ్ళు వచ్చి తీసుకుపోని వాళ్ళ మీద ఇంకొకటి. ఒక్కోదానికి ఏళ్ళకేళ్ళు పట్టేవి. మధ్యలో ఒక పెళ్ళి కూడా జరిగింది. మా బావగారు కాలేజీలో పాఠాలు చెప్పేవాడు, నెమ్మదైన మనిషి. ఇంటికొచ్చేసరికి ఇంట్లో భార్య ఉంటే బాగుండునని ఆయనకి ఉండేది. అది పెద్ద నేరమేమీ కాదు. కొన్నాళ్ళు ఎదురుచూసి, ఇంక లాభం లేదని గొడవ చెయ్యకుండా విడిపోయాడు. ఇప్పటికీ తను ఎక్కడైనా సినిమా వేస్తే వచ్చి చివరి వరసలో కూర్చుంటాడు, లైట్లు వెయ్యకముందే వెళ్ళిపోతాడు.

ఆ సినిమాలన్నిటికీ మైకు కర్ర పట్టుకున్నది నేనే. కుర్రాళ్ళు పట్టుకోవలసిన కర్ర పట్టుకుని ఈ వయసులో అన్నగారు పరిగెడుతున్నాడని మా ఆవిడ నవ్వేది. తనతో తిరగడానికి వేరే ఎవరూ నిలిచేవాళ్ళు కాదు. ఎండలో నిలబెడుతుంది, తిండి మరిచిపోతుంది, మాట తేడా వస్తే మొహం మీదే అనేస్తుంది. సినిమా తీయడంలో తనకి కొన్ని పట్టుదలలున్నాయి. వెనక సంగీతం ఉండకూడదు. వ్యాఖ్యానం ఉండకూడదు. ఇక ముఖం దాచవలసిన మనిషెవరైనా ఉంటే, ఆ ముఖం మీద టీవీవాళ్ళు వేసే గళ్ళు ఛస్తే వెయ్యదు.

"గళ్ళు వేస్తే మనిషి దొంగలా కనపడతాడన్నయ్యా. తప్పు చేసినవాడేమో తలెత్తుకు తిరుగుతాడు. చూసి చెప్పినవాడి మొహానికి గళ్ళా?" అనేది.

అందుకని అలాంటివాళ్ళని కిటికీకి వీపు పెట్టి కూర్చోబెట్టేది. కెమెరాని కిటికీ వెలుగుకి సరిపెడితే ముందున్న మనిషి నల్లగా పడిపోతాడు. తల, భుజాలు, చెంప అంచు మాత్రం తెలుస్తాయి. మనిషి దర్జాగా ఉంటాడు, ముఖమూ కనపడదు. పాతికేళ్ళు అలాగే తీసింది. ఒక్కళ్ళకీ చెడు జరగలేదు.

రంగుల మిల్లు సంగతి అప్పుడు వచ్చింది. బట్టకి అద్దగా మిగిలిన రంగునీళ్ళు ఆ మిల్లులో ఒక పెద్ద గుంటలోకి చేరతాయి. అడుగున బురద పేరుకుంటే మనుషులు దిగి ఎత్తాలి. దిగేముందు లోపలి విషపు గాలి పోయేదాకా ఆగాలి, ముక్కుకి తొడుగుండాలి, నడుముకి తాడుండాలి. ఏవీ లేకుండా దిగిన ఇద్దరు కూలీలు లోపలే చచ్చిపోయారు. మిల్లువాళ్ళు చెప్పిందేమిటంటే, వాళ్ళు పంపులో రాగి తీగ దొంగతనానికి దిగారట. ఆ ఇద్దరి ఇళ్ళల్లో చావు ఒకటి, దొంగలన్న పేరు ఒకటి మిగిలాయి. మా చెల్లెలు ఒకడి పెళ్ళాన్నీ, ఇంకొకడి తల్లినీ తీసింది. ఇద్దరూ ఏడ్చారు గానీ, మిల్లు లోపల ఏం జరిగిందో వాళ్ళకి తెలీదు. చూసినవాళ్ళు కావాలి. ఆరా తీయగా తీయగా ఒక్క మనిషి దొరికింది.

ఆవిడ మిల్లు ఆవరణ ఊడ్చే మనిషి. ఏ మాట చెప్పినా చివర చిన్నగా నవ్వుతుంది, కష్టం చెప్పినా సరే. మిల్లులో ఆవిడని నవ్వులావిడ అనేవారు, మేమూ అలాగే అనడం మొదలుపెట్టాం. భార్యాభర్తలిద్దరూ మిల్లువాళ్ళిచ్చిన ఒంటిగదిలో ఉండేవాళ్ళు. ఆయనకి నడుం పడిపోయి పని మానేశాడు. ఆవిడ పని పోతే గదీ పోతుంది. ఆ సంగతి మాకు మొదటిరోజే తెలుసు.

మూడో మనిషికి అనుమానం రాకూడదని ఫొటో తీయించుకునే వంక మీద రమ్మన్నాం. వచ్చింది. వంక నిజం చెయ్యడానికి స్టూలు మీద కూర్చోబెట్టి నేను ఫొటో తీశాను. కింది పెదవి పక్కన మినపగింజంత పుట్టుమచ్చ ఉంది. చెయ్యి ఊరుకోక దాన్ని తుడిచేశాను. మా చెల్లెలు వెనకనుంచి చూసి, "ఆ మచ్చ ఆవిడది అన్నయ్యా, నీది కాదు. పెట్టు మళ్ళీ" అంది. నేను గొణుక్కుంటూ పెట్టాను. నవ్వులావిడ మా ఇద్దర్నీ చూసి పకపకా నవ్వింది.

తరవాత మేడమీద గదిలో కిటికీ ముందు కుర్చీ వేశాం. ఆవిడ కూర్చోకుండా నిలబడే అడిగింది.

"అమ్మా, టీవీలో మొహం మీద గీకేస్తారు చూడండి, గళ్ళు గళ్ళుగా. నాకు అలా చేసెయ్యండమ్మా. పూర్తిగా గీకెయ్యండి."

"అంతకన్నా బాగా చేస్తాను. నల్లగా పడిపోతారు. మీ అమ్మ చూసినా మిమ్మల్ని పోల్చుకోలేదు" అంది మా చెల్లెలు.

"అయినా గీకేస్తేనే నయమేమో."

"గీకితే మీ మాటకి విలువ పోతుందండీ. మీరేమన్నా తప్పు చేశారా? నా మాట నమ్మండి. ఎవరూ గుర్తుపట్టరు."

ఆవిడ నా వంక చూసింది. నేను తల ఊపాను. అన్నేళ్ళుగా చూస్తున్న పద్ధతే, ఊపకపోవడానికి నాకేమీ కనపడలేదు. ఆవిడ కిటికీకి వీపు పెట్టి కూర్చుని, చేతులు ఒళ్ళో పెట్టుకుని, చూసింది చూసినట్టు చెప్పింది. ఆ కూలీలిద్దరూ గుంటలోకి దిగమంటే ముందు ఒప్పుకోలేదు. సూపర్‌వైజరు వచ్చి, ఇష్టం లేనివాళ్ళు గేటు అవతలికి పొండన్నాడు. చిన్నవాడు చొక్కా విప్పి ఈవిడ చేతికిచ్చి, బురద అంటుతుంది, పట్టుకో అక్కా అన్నాడు. ఆ చొక్కా ఇంకా తన దగ్గరే ఉందనీ, ఎవరికివ్వాలో తెలియలేదనీ చెప్పింది. అది చెప్పి కూడా నవ్వింది.

సినిమా కూర్చేటప్పుడు తను తీసుకున్న జాగ్రత్త అంతా ఇంతా కాదు. గొంతు మార్చింది. గొంతు మార్చినా నవ్వుని బట్టి పట్టేస్తారని ప్రతి నవ్వూ కత్తిరించింది. చొక్కా సంగతి మిల్లులో ఎవరికైనా తెలిసుంటుందేమోనని, అంత గొప్ప మాటని పారేసింది. అది తీసేసిన రోజు అన్నం మానేసింది కూడా. సినిమాలో నవ్వులావిడ నవ్వు ఎరగని మనిషిలా ఉంటుంది.

గ్రంథాలయం హాల్లో మొదటిసారి వేశాం. ఎప్పుడూ వచ్చే మొహాలే వచ్చాయి. తెరమీద నల్లటి ఆకారం మాట్లాడుతుంటే హాలంతా చీమ చిటుక్కుమన్నా వినపడేట్టు ఉంది. అయిపోయాక ఎప్పటిలాగే ఒక పెద్దమనిషి లేచి, "మరి దీనికి పరిష్కారం ఏమిటంటారు?" అని అడిగాడు. ప్రతిచోటా ఆయనలాంటివాడు ఒకడుంటాడు. "మీరు కూర్చోవడం" అని తను అనబోతే నేను కాలు తొక్కాను. హాలువాళ్ళు నలుగురూ చూడాలని సినిమాని నెట్‌లో పెడతామన్నారు, తను సరేనంది.

పేపర్లో నాలుగు ముక్కలు వచ్చాయి. దాంతో ఒక విచారణ అధికారి మా స్టూడియోకే వచ్చాడు. స్టూలు మీద కూర్చుని అటూ ఇటూ తిరుగుతూ, "ఆ చీకట్లో ఉన్నది ఎవరో చెప్పండి, విచారిస్తాను" అన్నాడు.

"చెప్పను. మాటిచ్చాను."

"సాక్షి పేరు లేకుండా నేనేం చేసేది?"

"ఆవిడ చెప్పింది నిజమో కాదో మిల్లుకెళ్ళి చూడండి. ముక్కు తొడుగులు చూపించమనండి, తాళ్ళు చూపించమనండి."

"అలా కుదరదమ్మా" అని దువ్వెనతో తల దువ్వుకుని వెళ్ళిపోయాడు. సాక్షి లేనందువల్ల విచారణ ముగిసిందని తేల్చేశారు.

ప్రభుత్వానికి దొరకని సాక్షి మిల్లువాళ్ళకి దొరికింది. వాళ్ళు ఏ మంత్రమూ వెయ్యలేదు. సూపర్‌వైజరు ఫోన్లో సినిమా ఆపి, ఆ బొమ్మ పట్టుకుని, వెలుగు పెంచే మీట ఉంటుంది కదా, దాన్ని చివరికంటా జరిపాడు. నలుపు బూడిదరంగైంది. బూడిదరంగులోంచి నుదురు వచ్చింది, ముక్కు వచ్చింది, కింది పెదవి పక్కన పుట్టుమచ్చ వచ్చింది.

పాత టేపు కెమెరాలో నలుపంటే నలుపే, దాని వెనక ఇంకేమీ ఉండేది కాదు. ఈ సినిమాకి తను ఒక స్నేహితుడి కొత్త కెమెరా అడిగి తెచ్చుకుంది. కొత్త కెమెరాలు నీడలో ఉన్నది కూడా పోనివ్వకుండా దాచుకుంటాయి. పైగా చెంప అంచు మరీ మునిగిపోయిందని, మనిషి ఉన్నట్టు తెలియాలని, కూర్చేటప్పుడు తనే ఆ నీడని రవ్వంత లేపింది. హాల్లో తెర మసకది కాబట్టి మాకెవ్వరికీ తేడా తెలియలేదు. ఆవిడని పనిలోంచి తీసేసి గది ఖాళీ చేయించారన్న కబురు తెలిశాక తను కంప్యూటరు ముందు కూర్చుని తనే ఆ మీట జరిపి చూసింది. ముఖం వచ్చింది. వెనక్కి జరిపింది, పోయింది. మళ్ళీ జరిపింది. నేను వెళ్ళి తీగ లాగేస్తే గానీ ఆపలేదు. సినిమాని నెట్‌లోంచి తీయించాం గానీ, ఆ బొమ్మ అప్పటికే ఫోన్లు మారుతూ ఊళ్ళు దాటిపోయింది.

వాళ్ళని వెతుక్కుంటూ వెళ్ళాం. టైర్లు బాగుచేసే కొట్టు వెనక రేకుల గదిలో ఉన్నారు. గదిలో మంచం, రెండు గిన్నెలు, విప్పని మూట. నవ్వులావిడ మమ్మల్ని మంచం మీద కూర్చోబెట్టి తను గుమ్మంలో కూర్చుంది.

"పిలిచి అడిగారమ్మా, ఇది నువ్వేనా అని. కాదన్నాను. అయితే ఈ మచ్చ ఎవరిదన్నారు. నాకేం తోచలేదు, నవ్వొచ్చింది. నవ్వగానే ఇదే ఇదే అన్నారు" అని మళ్ళీ నవ్వింది.

మా చెల్లెలు రెండు చేతులూ జోడించింది. నడుం పడిపోయిన ఆయన గోడకి జారబడి కూర్చుని అప్పటిదాకా మా వంక చూడలేదు. అప్పుడు చూశాడు.

"గీకెయ్యమని అడిగింది కదమ్మా" అన్నాడు.

ఆయన అరిచి ఉంటే నాకు నయంగా ఉండేది.

ముఖం ఎలాగూ బయటపడింది కాబట్టి, ఇంక పేరు పెట్టి చెప్పేద్దామని తాడోపేడో తేల్చుకోవడానికి ఆ అధికారి ఆఫీసుకే వెళ్ళాం, నవ్వులావిడని తీసుకుని. ఆవిడ ఆ చొక్కా కూడా మడిచి సంచిలో తెచ్చుకుంది. ఆయన అంతా విన్నాడు. టీ తెప్పించాడు కూడా.

"ఈవిడని పనిలోంచి తీసేశారు కదండీ. తీసేసిన మనిషి కోపంతో చెప్పే మాటని నేనెలా రాసుకుంటాను? పనిలో ఉన్నప్పుడే వచ్చి చెప్పి ఉంటే వేరు" అన్నాడు.

"పనిలో ఉన్నప్పుడు చెబితే తీసేసేవాళ్ళు కదా సార్?" అన్నాను నేను.

"అది నా పరిధిలోది కాదు" అన్నాడు.

మా చెల్లెలు బల్ల మీద చెయ్యేసి కొట్టింది. టీ ఒలికింది. ఇంకెప్పుడైనా అయితే తను ఆయన్ని కడిగి ఆరేసేది. ఆరోజు బల్ల కొట్టడంతోనే ఆగిపోయింది. నవ్వులావిడ చొక్కాతో బల్ల తుడవబోయి, ఏదో గుర్తొచ్చి ఆగి, తన చేతి గుడ్డతో తుడిచింది.

ఆ తరవాత తను కెమెరా తీయలేదు. స్నేహితుడిది స్నేహితుడికి ఇచ్చేసింది, సొంతది మెట్ల కింద అలమరలో పెట్టి తాళం వేసింది. మైకు కర్ర మా ఆవిడ బట్టలారేసుకోవడానికి పనికొచ్చింది. తను కొట్లో నా పక్కన కూర్చుని చిన్న ఫొటోలు తీయడం మొదలుపెట్టింది. అబద్ధాల అంగడి అన్న మాట మళ్ళీ తన నోటినుంచి రాలేదు. నేనే ఒకటి రెండుసార్లు కావాలని ఒకళ్ళ బుగ్గలు నింపి చూపించాను, తిడుతుందేమోనని. "బాగుంది" అంది. నాకు ఏడుపొచ్చినంత పనైంది. బావగారు ఒకసారి వచ్చి ఫొటో తీయించుకుని వెళ్ళాడు. ఆయనకి ఫొటోతో ఏం అవసరమో నేను అడగలేదు.

ఒకరోజు మధ్యాహ్నం నవ్వులావిడ గుమ్మంలోకి వచ్చింది. మనిషి సగమైంది. మా చెల్లెలు స్టూలు మీంచి లేచి నిలబడింది.

"ఫొటో కావాలమ్మా" అంది ఆవిడ.

సంగతేమిటంటే, దూరంగా ఇంకో ఊళ్ళో సబ్బుల ఫ్యాక్టరీ ఉంది. పనివాళ్ళని కుదిర్చే మేస్త్రీ ఒకడు, ముందు ఫొటో పట్టుకెళ్ళి ఆఫీసులో చూపిస్తాడు. వాళ్ళు సరేనంటే మనిషిని పిలుస్తారు. కానీ మిల్లువాళ్ళ బొమ్మ ఆ ఆఫీసుదాకా కూడా వెళ్ళింది. ఈ మనిషి వస్తే తీసుకోవద్దని. ఫొటో వస్తే దాని పక్కన పెట్టి చూస్తారట. ఈ చుట్టుపక్కల గేట్లన్నీ ఆవిడ అప్పటికే తిరిగేసింది. మిగిలింది అదొక్కటే.

"అందుకని, నేనే గానీ నాలా కాకుండా ఒకటి తియ్యగలరా?" అని నవ్వింది.

నేను కంప్యూటరు ముందుకి వెళ్ళబోయాను. "నువ్వు ఉండన్నయ్యా" అని తనే ముందుకొచ్చింది. ఆవిడని స్టూలు మీద కూర్చోబెట్టి రెండు గొడుగు లైట్లూ వేసింది. ఎక్కడా నీడ పడకుండా వాటిని అటూ ఇటూ ఎంతసేపు జరిపిందో. ఫొటో తీశాక కంప్యూటరు ముందు కూర్చుని, ఆవిడకి పక్కనే కుర్చీ వేసింది.

ముందు పుట్టుమచ్చ దగ్గరికి వెళ్ళింది. తన చెయ్యి కాసేపు మీట మీదే ఆగిపోయింది, తరవాత తుడిచింది. కళ్ళ కింద గుంటలు నింపింది. ఆవిడ వంగి చూసి, "ఇంకొంచెం అమ్మా" అంది. ముక్కు సన్నం చేసింది. "ఇంకొంచెం." దవడ గుండ్రంగా చేసింది. కనుబొమలు ఎత్తింది.

నేను ఉండబట్టలేక, "చాలు. ఇది దాటితే గేటు దగ్గర తంటా వస్తుంది. అక్కడ మనిషినీ ఫొటోనీ పక్కపక్కన చూస్తారు" అన్నాను.

"ఆఫీసులో గండం గడిస్తే గేటు దగ్గర నేను చూసుకుంటాను బాబుగారూ. మొహం చిక్కిపోయిందని చెబుతాను" అంది నవ్వులావిడ.

"ఒసేయ్, విను. ఈ పని నాకు తెలుసు. ఇంత మార్చకూడదు" అన్నాను.

మా చెల్లెలు నా వైపు తిరిగింది. కళ్ళు ఎర్రగా ఉన్నాయి.

"అప్పుడు ఆవిడ అడిగింది నేను చెయ్యలేదు. నాకే తెలుసనుకున్నాను. ఈసారి ఆవిడ ఏం అడిగితే అది చేస్తాను. నువ్వు మాట్లాడకు" అంది.

ఆ పూటంతా వాళ్ళిద్దరూ భుజాలు ఆనించుకుని, చిన్నపిల్లలు బొమ్మకి రంగులేసుకుంటున్నట్టు ఆ ముఖం మీద పనిచేశారు. అచ్చువేసి కత్తిరించి చేతికిస్తే, ఆవిడ వాటిని వెలుగులో పెట్టి చూసుకుని మురిసిపోయింది. "ఎవరో మహాతల్లి" అంది. మా ఆవిడ కూడా చూసి, "ఎవరీవిడ?" అని అడిగింది, ఆ మనిషి ఎదురుగానే ఉంది. అందరం నవ్వాం. మా చెల్లెలు కూడా నవ్వింది. మిల్లు గొడవ తరవాత తను నవ్వగా నేను చూడటం అదే మొదలు.

ఆఫీసులో ఫొటో గట్టెక్కింది. దాంతోనే గేటు కార్డు చేసి మేస్త్రీ చేతికిచ్చి, పనికి రమ్మన్నారు. ఆ కబురు చెప్పడానికి మేస్త్రీ ఫోన్ నుంచి నవ్వులావిడ మా కొట్టుకి ఫోన్ చేసింది. మా చెల్లెలు ఫోన్ పెట్టేసి, మెట్ల కింద అలమర దగ్గరికి వెళ్ళి, తాళం చేత్తో పట్టుకుని కాసేపు నిలబడింది. తియ్యలేదు గానీ నిలబడింది. నేను చూడనట్టు అద్దం తుడుస్తూ ఉన్నాను.

వారం తిరక్కుండా ఆవిడ మళ్ళీ వచ్చింది. చేతిలో అదే సంచి. మొహం చూడగానే నాకు అర్థమైంది. మా చెల్లెలికీ అర్థమైనట్టుంది, కుర్చీలోంచి లేవలేదు.

"గేటు దగ్గర ఆపేశారమ్మా. కాపలావాడు కార్డు మీద ఫొటో చూశాడు, నన్ను చూశాడు. ఇందులో ఉన్నది నువ్వు కాదన్నాడు. నేనే బాబూ అన్నాను. చిక్కిపోయానన్నాను. ఇంకొకతన్ని పిలిచాడు, అతనూ కాదన్నాడు. వేరేవాళ్ళ కార్డు దొంగిలించి వచ్చావా అని గదమాయించారు. వచ్చేశాను."

దొంగ అన్న మాట దగ్గర కూడా నవ్వింది. మేస్త్రీ ఇంక తన ఫోన్ ఎత్తడం లేదని చెప్పింది. ఇంట్లో ఆయన నడుం ఇంకా అలాగే ఉందని చెప్పింది. నేను ఇంకో ఫొటో తీద్దామన్నాను, కొంచెమే మార్చి, పద్ధతిగా. ఇంక చూపించడానికి గేటేదీ లేదంది.

మా చెల్లెలు బల్ల మీద రెండు చేతులూ పెట్టుకుని వాటివంకే చూస్తోంది. ఓదార్చవలసింది మేము. కానీ ఆవిడే దగ్గరికొచ్చి, మా చెల్లెలి చెయ్యి పట్టుకుని నిమిరింది.

"బాధపడకమ్మా. నువ్వు మాటిచ్చినట్టే చేశావు. నన్నెవరూ గుర్తుపట్టలేదు" అంది.

వెటకారానికి కాదు, మనస్ఫూర్తిగానే అంది. తను ఆ చెయ్యి విడిపించుకోలేదు. తలెత్తి ఆవిడ ముఖంలోకి చూడనూ లేదు.